యూనిట్ – 14 : తెలుగు టెలివిజన్‌లో స్త్రీ – చిత్రణ, చరిత్ర, ప్రభావం

14.0 లక్ష్యాలు

ఈ యూనిట్‌ను చదివిన తరువాత మీరు
• మన దేశంలో, ముఖ్యంగా తెలుగు ప్రాంతాల్లో, టెలివిజన్ స్త్రీని చూపిన తీరు కాలక్రమంలో ఎలా మారిందో వివరించగలుగుతారు;
• ఆ మార్పులకు ప్రభుత్వ విధానం, ప్రకటనల ఆదాయం, ప్రేక్షకుల అభిరుచి ఏ విధంగా కారణమయ్యాయో చెప్పగలుగుతారు;
• టెలివిజన్ ప్రభావాన్ని గురించిన వాదనలను ఆధారాలతో పరీక్షించగలుగుతారు;
• మీ ఇంట్లో, మీ ఊళ్లో టీవీ చూసే అలవాటును ఒక చారిత్రక ఆధారంగా పరిశీలించగలుగుతారు.

14.1 పరిచయం

మీరు రోలుగుంటలో ఉన్నారనుకోండి. అనకాపల్లి జిల్లా నర్సీపట్నం రెవెన్యూ డివిజన్‌లో, తూర్పు కనుమల అంచున ఉన్న మండల కేంద్రం అది. సాయంత్రం ఏడు గంటలు. రోజంతా ఊడ్పుల్లో వంగి పనిచేసి వచ్చిన ఒక స్త్రీ పొయ్యి మీద అన్నం పడేసి టీవీ ముందు కూర్చుంది. తెర మీద ఒక కోడలు కనిపిస్తోంది. ఇంట్లో ఉన్నా పట్టుచీర, మెడ నిండా నగలు, పెళ్లి మండపమంత హాలు. ఆమె ఏనాడూ మడిలో కాలు పెట్టలేదు. ఉపాధి హామీ పనికి పార పట్టుకొని వెళ్లలేదు. అయినా టీవీ ముందు కూర్చున్న స్త్రీకి ఆ కోడలి కష్టం వెంటనే అర్థమవుతుంది. “అత్త ఏమంటుందో” అన్న భయం ఇద్దరికీ ఒక్కటే.

ఈ చిన్న దృశ్యంలోనే ఈ యూనిట్ ప్రశ్నలన్నీ ఉన్నాయి. తెర మీది స్త్రీకి, తెర ముందున్న స్త్రీకి ఇంత దూరం ఎందుకు ఏర్పడింది? అంత దూరం ఉన్నా ఆమె తనను తాను అక్కడ ఎలా చూసుకోగలుగుతోంది? రోజూ చూసే ఆ కథ ఆమె ఆలోచనను మారుస్తోందా, ఉన్న ఆలోచననే గట్టిపరుస్తోందా?

ముందుగా ఒక భావనను స్పష్టం చేసుకోవాలి. ఆడ, మగ అన్నది పుట్టుకతో వచ్చే శరీర భేదం. ఆడపిల్ల ఇలా కూర్చోవాలి, మగవాడు ఏడవకూడదు, వంట ఆమెది, సంపాదన అతనిది అన్నవి సమాజం నేర్పేవి. ఈ రెండో దానినే ‘జెండర్’ అంటున్నాం. ఇల్లు, బడి, గుడి, సామెత, పాట ఇవన్నీ జెండర్‌ను నేర్పే సాధనాలు. వాటి పక్కన గత నలభై ఏళ్లుగా టెలివిజన్ కూడా చేరింది. ఒకే రకమైన పాత్రను, ఒకే రకమైన గుణాలతో మళ్లీ మళ్లీ చూపడాన్ని ‘మూస చిత్రణ’ అంటాం. మూస ఎప్పుడూ అబద్ధమే కానక్కరలేదు. చాలా నిజాల్లో ఒక్కదానినే ఏరి, అదే సహజమైనదని నమ్మించడం దాని పని. సహజం అనిపించే దానికి కూడా ఒక పుట్టిన తేదీ, ఒక కారణం, దాని వెనుక కొందరు మనుషులు ఉంటారని చూపించడం చరిత్ర పని. ఈ యూనిట్‌లో మనం చేయబోయేది అదే.

14.2 టెలివిజన్‌కు ముందు : నాటకం, నవల

స్త్రీని ఎలా చూపాలన్న చర్చ టీవీతో మొదలు కాలేదు. నేటి అనకాపల్లి జిల్లాలోని ఎస్. రాయవరంలో పుట్టిన గురజాడ అప్పారావు ‘కన్యాశుల్కం’ నాటకం 1892లో విజయనగరంలో ప్రదర్శితమై, 1897లో అచ్చయింది. డబ్బుకు ఆడపిల్లను ముసలివాడికి కట్టబెట్టే ఆచారాన్ని ఆ నాటకం వేదిక మీదికి ఎక్కించింది. అందులో మధురవాణి వేశ్య. అప్పటి మర్యాద ప్రకారం పతితురాలు కావలసిన ఆ పాత్రను అందరికన్నా తెలివైనదిగా, మంచిచెడ్డలు తెలిసినదిగా గురజాడ తీర్చాడు. మూసను బద్దలు కొట్టడం మన సాహిత్యానికి కొత్త కాదని దీనివల్ల తెలుస్తుంది.

రెండో మూలం వారపత్రిక. ‘సీరియల్’ అన్న మాట మన ఇళ్లలోకి టీవీ ద్వారా రాలేదు. 1960, 70లలో పత్రికల్లో వారం వారం వచ్చిన నవలల ద్వారా వచ్చింది. వాటిని రాసినవారిలోనూ, చదివినవారిలోనూ స్త్రీలు పెద్ద సంఖ్యలో ఉండేవారు. యద్దనపూడి సులోచనారాణి ‘సెక్రటరీ’ నవలలో నాయిక జయంతి ఉద్యోగం చేసే అమ్మాయి. ఆత్మాభిమానం గల నాయిక, ధనవంతుడైన నాయకుడు, మధ్యలో అపార్థాలు, చివరికి పెళ్లి అనే అల్లిక ఆ నవలల్లో స్థిరపడింది. తరువాతి కాలపు టీవీ సీరియల్ ఈ అల్లికనే తీసుకుంది. అయితే నవలలో పెళ్లితో ముగిసే కథ టీవీలో పెళ్లితో మొదలవుతుంది. అంటే ప్రేమకథ కాస్తా కాపురపు కథ అయింది. ఈ తేడాను గుర్తుంచుకోండి.

14.3 ప్రభుత్వ టెలివిజన్ : ‘అభివృద్ధి చెందవలసిన స్త్రీ’ (1959–1990)

మన దేశంలో టెలివిజన్ 1959 సెప్టెంబరు 15న ఢిల్లీలో ప్రయోగంగా మొదలైంది. పల్లెలకు దాని మొదటి అడుగు 1975 ఆగస్టు నుంచి 1976 జూలై వరకు సాగిన ఉపగ్రహ బోధన ప్రయోగం. దీనినే ‘సైట్’ అంటారు. అమెరికా ఉపగ్రహం ఒకదాని సాయంతో ఆరు రాష్ట్రాల్లోని సుమారు 2,400 గ్రామాల్లో సామూహిక టీవీ సెట్లు పెట్టారు. ఆ ఆరింటిలో ఆంధ్రప్రదేశ్ ఒకటి. తెలుగు కార్యక్రమాలు హైదరాబాదు కేంద్రంలో తయారయ్యేవి. వ్యవసాయం, ఆరోగ్యం, కుటుంబ నియంత్రణ వాటి ముఖ్య విషయాలు.

ఈ దశలో తెర మీది స్త్రీ ఎవరు? ప్రధానంగా తల్లి. బిడ్డకు టీకా వేయించవలసిన తల్లి, పోషకాహారం వండవలసిన తల్లి, ఇద్దరు పిల్లలతో చాలించుకోవలసిన తల్లి. వ్యవసాయ కార్యక్రమాలు మాత్రం సాధారణంగా ‘రైతు సోదరుల’ను ఉద్దేశించి మాట్లాడేవి. నాట్లు వేసే చేతులు, కలుపు తీసే చేతులు, విత్తనం దాచే చేతులు ఎక్కువగా స్త్రీలవే అయినా, రైతు అనగానే తలపాగా చుట్టుకున్న మగవాడే కనిపించాడు. ఎవరికీ దురుద్దేశం లేకుండానే మూస ఇలా తయారవుతుంది.

1976 ఏప్రిల్‌లో దూరదర్శన్ ఆకాశవాణి నుంచి విడివడింది. అదే ఏడాది జనవరి నుంచి వాణిజ్య ప్రకటనలు మొదలయ్యాయి. 1977లో హైదరాబాదు దూరదర్శన్ కేంద్రం ప్రారంభమైంది. 1982లో ఆసియా క్రీడల సందర్భంగా రంగుల ప్రసారం, ఢిల్లీ నుంచి జాతీయ కార్యక్రమం వచ్చాయి. 1984లో కొన్ని నెలల పాటు రోజుకొకటి చొప్పున కొత్త ట్రాన్స్‌మిటర్లు వెలిశాయి.

ఆ ఏడాది జూలై 7న మొదలైన ‘హమ్ లోగ్’ మన దేశపు మొదటి పెద్ద ధారావాహిక. 156 భాగాలుగా 1985 డిసెంబరు దాకా సాగింది. కథల ద్వారా సామాజిక మార్పు తేవచ్చన్న మెక్సికో రచయిత, నిర్మాత మిగుయెల్ సబిదో పద్ధతి దీనికి ప్రేరణ. కుటుంబ నియంత్రణ, స్త్రీల స్థితి అనే విషయాలను కథలో కలిపి చెప్పాలన్నది ఉద్దేశం. ఇందులో భాగవంతి అన్న తల్లి పాత్ర తాగుబోతు భర్తను, అత్త సాధింపులను నోరెత్తకుండా భరిస్తుంది. ఇలా ఉండకూడదని చూపడానికి ఆ పాత్రను పెట్టారు. కానీ అర్వింద్ సింఘాల్, ఎవరెట్ రోజర్స్ వంటి పరిశోధకులు గమనించినదేమిటంటే, ప్రేక్షకుల్లో చాలామంది, వారిలో స్త్రీలు కూడా, భాగవంతినే ఆదర్శ స్త్రీగా స్వీకరించారు. హెచ్చరికగా రాసిన పాత్ర ఆదర్శంగా అందింది! రాసినవారి ఉద్దేశం ఒకటి, చూసినవారు తీసుకున్న అర్థం ఒకటి కావచ్చు అన్న పాఠం మనకు ఇక్కడే దొరుకుతుంది.

‘హమ్ లోగ్’‌కు ఇంకో ప్రాముఖ్యం ఉంది. దానికి ప్రాయోజకత్వం వహించినది మ్యాగీ నూడుల్స్. కథ నడవాలంటే సరుకు అమ్ముడుపోవాలన్న లంకె అప్పుడు పడింది. సరుకు కొనేది గృహిణి. కనుక కథ గృహిణి చుట్టూ తిరగాలి.

దూరదర్శన్ కార్యక్రమాలను సమీక్షించడానికి పి.సి. జోషి అధ్యక్షతన నియమించిన బృందం 1984లో నివేదిక ఇచ్చింది. భార్యగా, తల్లిగా మాత్రమే స్త్రీని చూపే మధ్యతరగతి దృష్టి కార్యక్రమాల్లో నిండి ఉందని, శ్రమచేసే స్త్రీ తెర మీద కనిపించడం లేదని అది విమర్శించింది. ఈ దశలో భిన్నమైన పాత్రలు రాకపోలేదు. 1985లో ‘రజని’లో ప్రియా టెండూల్కర్ పోషించిన గృహిణి వీధిలోకి వచ్చి అన్యాయాన్ని నిలదీసింది. 1989లో కవితా చౌదరి రూపొందించి నటించిన ‘ఉడాన్’ ఒక అమ్మాయి పోలీసు అధికారి కావడాన్ని చూపింది. ఆ కథకు ప్రేరణ కవిత అక్క కాంచన్ చౌదరి భట్టాచార్య. ఆమె 2004లో ఉత్తరాఖండ్‌లో డీజీపీ అయ్యారు. మన దేశంలో ఒక రాష్ట్ర పోలీసు శాఖకు అధిపతి అయిన మొదటి మహిళ ఆమె.

మీ ప్రగతిని పరీక్షించుకోండి – 1
1. ‘సైట్’ ప్రయోగం స్త్రీని ప్రధానంగా ఏ పాత్రలో చూసింది?
2. ‘హమ్ లోగ్’లోని భాగవంతి పాత్రను ప్రేక్షకులు స్వీకరించిన తీరు మనకు ఏమి నేర్పుతుంది?

14.4 పురాణ ధారావాహికలు : సీత, ద్రౌపది

1987 జనవరి 25న ‘రామాయణ్’, 1988 అక్టోబరు 2న ‘మహాభారత్’ మొదలయ్యాయి. ఆదివారం ఉదయం ఊళ్లో టీవీ ఉన్న ఇంటి ముందు చెప్పుల గుట్ట పేరుకునేది. హిందీ రాని తెలుగు పల్లెల్లో కూడా ఈ కథలు అర్థమయ్యాయి. తోలుబొమ్మలాట, హరికథ, నాటకం, ఎన్.టి. రామారావు నటించిన పౌరాణిక చిత్రాలు ఆ కథలను అప్పటికే నేర్పి ఉంచాయి కనుక భాష అడ్డు కాలేదు.

కథ పాతదే. మారినదేమిటంటే, ఒకే సీత దేశమంతటికీ ఒకే సమయంలో కనిపించడం. మన స్త్రీల పాటల్లో సీత అలకలు, ఊర్మిళ నిద్ర, అత్తవారింటి వెలితులు ఉన్నాయి. ప్రాంతానికొక సీత, కులానికొక సీత ఉండేది. టీవీ సీత వీటన్నిటి కన్నా ప్రశాంతమైనది, తక్కువ మాట్లాడేది. ఒక రూపం బలపడితే మిగతా రూపాలు మరుగున పడే ప్రమాదం ఉంటుంది. ఆ మరుగున పడిన గొంతులను తెలుగులో మళ్లీ వినిపించిన రచనల్లో ఓల్గా ‘విముక్త’ ఒకటి. దానికి 2015లో కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం లభించింది.

అయితే ప్రేక్షకురాలు చూపించినదల్లా మింగేస్తుందని అనుకోకండి. ఢిల్లీలో దిగువ మధ్యతరగతి కుటుంబాలతో కలిసి టీవీ చూసి, వారితో మాట్లాడిన పరిశోధకురాలు పూర్ణిమా మంకేకర్ 1999లో తన పుస్తకం ప్రచురించారు. ద్రౌపది వస్త్రాపహరణ దృశ్యాన్ని చూసిన స్త్రీలు దానిని దేవుడి మహిమగా మాత్రమే చూడలేదని, తమ ఇళ్లలో, బస్సుల్లో, పనిచోట తాము ఎదుర్కొనే అవమానాల గురించి మాట్లాడటానికి దానిని ఒక అవకాశంగా వాడుకున్నారని ఆమె రాశారు. నిండు సభలో ద్రౌపది అడిగిన ప్రశ్నను వారు తమ ప్రశ్నగా అడిగారు.

14.5 ఉపగ్రహ ఛానళ్లు : ‘కొనే స్త్రీ’ (1995 తరువాత)

1995 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు ప్రసార తరంగాలు ప్రజల ఆస్తి అని, వాటి మీద ప్రభుత్వానికి గుత్తాధిపత్యం ఉండరాదని తీర్పు చెప్పింది. అదే ఏడాది జెమిని టీవీ, ఈటీవీ ప్రసారాలు మొదలయ్యాయి. తరువాతి దశాబ్దంలో మా టీవీ, జీ తెలుగు, ఇరవైనాలుగు గంటల వార్తా ఛానళ్లు వచ్చాయి. కేబుల్ తీగ ముందు పట్టణాలకు, ఆ తరువాత మండల కేంద్రాలకు, చివరికి పల్లెలకు పాకింది. 2001 జనాభా లెక్కల నాటికి దేశంలో 31.6 శాతం ఇళ్లలో టీవీ ఉంటే, 2011 నాటికి 47.2 శాతం ఇళ్లలో ఉంది.

మొదట్లో తెలుగు సీరియల్ కొంత నిదానంగా, నవలకు దగ్గరగా ఉండేది. మంజులా నాయుడు దర్శకత్వంలో దూరదర్శన్‌లో వచ్చిన ‘ఋతురాగాలు’, ఆ తరువాత జెమినిలో వచ్చిన ‘చక్రవాకం’, ‘మొగలిరేకులు’ సంధ్యవేళ ఇంటిల్లిపాదినీ కూర్చోబెట్టాయి. వీటిని నడిపించినది ఒక స్త్రీ అన్న సంగతి గమనించదగినది. తెర వెనుక స్త్రీలు ఉన్నంత మాత్రాన తెర మీది మూసలన్నీ పోవు. కానీ ఎవరి కథను పూర్తిగా వినాలన్న ఎంపిక కొంత మారుతుంది.

ప్రైవేటు ఛానలుకు ఆదాయం ప్రకటనల నుంచి వస్తుంది. ప్రకటన ధర, ఎంతమంది చూశారన్న రేటింగు మీద ఆధారపడుతుంది. వారానికి అయిదారు రోజులు, ఏళ్ల తరబడి కథ సాగాలంటే సమస్య తీరకూడదు. సమస్య తీరకుండా ఉండాలంటే నాయిక సహిస్తూనే ఉండాలి, ఆమెకు ఎదురుగా కుట్ర చేసే మరో స్త్రీ ఉండాలి. కోడలు పోలీసు స్టేషనుకు వెళ్లి ఫిర్యాదు చేస్తే, లేదా భర్తతో కూర్చుని ఒక పూట మాట్లాడితే కథ ఆ వారమే ముగుస్తుంది. సీరియల్ నాయిక అంతటి ఓర్పు వెనుక మన సంస్కృతి ఒక్కటే లేదు, ఈ లెక్క కూడా ఉందన్నమాట. ఇంట్లో అధికారం ఎవరి చేతిలో ఉందన్న అసలు ప్రశ్న పక్కకు పోయి, ఆడవాళ్లకు ఆడవాళ్లే శత్రువులన్న భావం ముందుకు వస్తుంది. మగ పాత్రలు తరచు ఏమీ తెలియని అమాయకులుగా మిగిలిపోతాయి.

మధ్యాహ్నపు కార్యక్రమాలు, సాయంత్రపు సీరియళ్లు గృహిణి దినచర్యను బట్టి అమర్చినవే. 2019 జాతీయ కాల వినియోగ సర్వే ప్రకారం ఇంటిపని చేసే స్త్రీ అందుకు రోజుకు సగటున 299 నిమిషాలు వెచ్చిస్తే, ఇంటిపని చేసే పురుషుడు 97 నిమిషాలు వెచ్చిస్తున్నాడు. అంట్ల సబ్బు, బట్టల సబ్బు, వంటనూనె ప్రకటనలు ఈ తేడాను ఒక సమస్యగా చూపవు. పని ఆమెదేనన్న విషయాన్ని కదపకుండా, పని తేలికవుతుందని మాత్రం చెబుతాయి.

మరోవైపు ఈ దశలోనే సామాన్య స్త్రీలకు తెర మీద చోటు దొరికింది. ఈటీవీలో పదేళ్లకు పైగా సాగిన ‘స్టార్ మహిళ’లో సుమ కనకాల ముందు నిలబడి ఆడినవారు సినిమా తారలు కారు, గృహిణులు, ఉద్యోగినులు. తన పేరు, తన ఊరు చెప్పుకొని, గట్టిగా నవ్వి, బహుమతి గెలుచుకొని వెళ్లిన ఆ కొద్ది నిమిషాలను చిన్నచూపు చూడనక్కరలేదు. ‘చిన్నారి పెళ్లికూతురు’ పేరుతో మా టీవీలో వచ్చిన హిందీ అనువాద ధారావాహిక బాల్యవివాహాన్ని తెలుగిళ్లలో మళ్లీ చర్చకు తెచ్చింది. గురజాడ వేదిక మీద అడిగిన ప్రశ్న నూరేళ్ల తరువాత టీవీలో వినిపించింది.

14.6 ఒక ఉదాహరణ : ‘కార్తీక దీపం’

2017 అక్టోబరు నుంచి 2023 జనవరి వరకు స్టార్ మాలో ప్రసారమైన ‘కార్తీక దీపం’ మలయాళ ధారావాహిక ‘కరుత్తముత్తు’కు తెలుగు రూపం. నాయిక దీప నల్లని అమ్మాయి. రంగు కారణంగా చిన్నతనం నుంచి అవమానాలు పడుతుంది. డాక్టరైన భర్త ఆమె శీలాన్ని అనుమానిస్తాడు. ఆమె ఇల్లు వదిలి, వంటలు చేసి బతుకుతూ కూతురిని పెంచుతుంది. ప్రేమి విశ్వనాథ్ పోషించిన ఈ పాత్రను జనం ‘వంటలక్క’ అని తమ ఇంటి మనిషిలా పిలుచుకున్నారు.

ఈ పాత్రను రెండు విధాలుగా చదవవచ్చు. ఒక చదువు ప్రకారం ఇది మూసను ఎదిరించిన కథ. తెలుగు తెర మీద నల్లని నాయిక అరుదు. చేతి పనితో గౌరవంగా బతికే స్త్రీ ఇంకా అరుదు. రెండో చదువు ప్రకారం ఇది పాత కథే. అనుమానించిన భర్త, నిర్దోషిత్వం నిరూపించుకోవలసిన భార్య, ఇది సీత కథ. తప్పు చేసినవాడిని విడిచి కొత్త జీవితం వెతుక్కోవడం కన్నా, అతను నిజం తెలుసుకొనే రోజు కోసం ఏళ్ల తరబడి ఎదురుచూడటమే ఆమె లక్ష్యమైంది. రెండు చదువులూ నిజమే. ఇలా ఎదిరింపు, లొంగుబాటు ఒకే పాత్రలో కలిసి ఉండటం ప్రజాదరణ పొందిన కథల లక్షణం. పరీక్షలో “ఈ సీరియల్ మంచిదా, చెడ్డదా” అని మాత్రమే చర్చించే సమాధానం అసంపూర్ణమవుతుంది.

రంగు విషయంలోనే ప్రకటనలను కూడా చూడండి. 1975లో మన మార్కెట్లోకి వచ్చిన ‘ఫెయిర్ అండ్ లవ్లీ’ దశాబ్దాల పాటు తెల్లదనాన్ని పెళ్లికి, ఉద్యోగానికి మెట్టుగా చూపింది. విమర్శలు పెరిగి 2020లో పేరులోని ‘ఫెయిర్’ అన్న మాటను తొలగించారు. మాట మార్చినంతలో మనసు మారదు. కానీ నిరసనకు ఫలితం ఉంటుందని ఈ సంఘటన చెబుతుంది.

మీ ప్రగతిని పరీక్షించుకోండి – 2
1. రోజువారీ సీరియల్‌లో నాయిక ఎందుకు సహిస్తూనే ఉంటుంది? వ్యాపార కారణాన్ని వివరించండి.
2. ‘వంటలక్క’ పాత్రను రెండు విధాలుగా ఎలా అర్థం చేసుకోవచ్చు?

14.7 వార్తల్లో స్త్రీ : డోలీ, దాని వెనుక మాట

సీరియల్‌ను కల్పితమని సరిపెట్టుకోవచ్చు. వార్త కల్పితం కాదు. అయినా వార్తలోనూ ఎంపిక ఉంది. రోలుగుంట మండలం ఆర్ల పంచాయతీ పరిధిలోని కొండ గూడేలకు సరైన దారి లేక, గర్భిణులను, రోగులను డోలీ కట్టి మోసుకురావలసిన దుస్థితి పలుసార్లు వార్తల్లోకి వచ్చింది. ఆ దృశ్యం మీరూ చూసి ఉంటారు. రెండు కర్రలు లేదా ఒక వెదురు బొంగు, దుప్పటి, అందులో ముడుచుకొని పడుకున్న స్త్రీ, ముందూ వెనుకా నడిచే మగవాళ్లు, రాళ్ల దారి.

ఆ వార్త రావలసిందే. రాకపోతే దారి సంగతి ఎవరికీ పట్టదు. కానీ తెర మీద ఆమె చేసేదేమిటో చూడండి. ఆమెను మోస్తారు, ఆమె గురించి చెబుతారు. ఆమె మాట్లాడటం అరుదు. దారి కోసం డోలీలతో నిరసన తెలిపినవారిలో గిరిజన స్త్రీలూ ఉన్నారు. బాధపడే శరీరంగా మాత్రమే చూపితే, హక్కు అడిగే పౌరురాలు కనిపించకుండా పోతుంది. తరువాతి సారి డోలీ వార్త వచ్చినప్పుడు ఎవరి ముందు మైకు పెట్టారో లెక్కపెట్టండి.

ఇది ఒక్క మన ప్రాంతపు సంగతి కాదు. 1995 నుంచి అయిదేళ్లకోసారి అనేక దేశాల్లో ఒకే రోజు వార్తలను పరిశీలించే ‘ప్రపంచ మాధ్యమ పరిశీలన ప్రాజెక్టు’ ప్రకారం, వార్తల్లో కనిపించే, వినిపించే మనుషుల్లో స్త్రీలు 1995లో 17 శాతం. 2020 నాటికి 25 శాతం. పాతికేళ్లలో పెరిగినది ఎనిమిది పాయింట్లు మాత్రమే.

భాషను కూడా గమనించండి. నాయిక ఏ యాసలో మాట్లాడుతుంది? పనిమనిషి, హాస్య పాత్ర ఏ యాసలో మాట్లాడతారు? ఉత్తరాంధ్ర యాస, తెలంగాణ యాస, రాయలసీమ యాస ఏ పాత్రలకు ఇచ్చారో ఒక వారం రాసిపెట్టుకుంటే, జెండర్‌తో పాటు ప్రాంతం, కులం, వర్గం కూడా మూసలో ఎలా కలిసిపోతాయో మీకే తెలుస్తుంది.

14.8 చూసినవారి మీద ప్రభావం : రెండు ఆధారాలు

టీవీ స్త్రీలను వెనక్కి లాగుతుందా, ముందుకు నడుపుతుందా? రెండు ఆధారాలను పక్కపక్కన పెట్టి చూద్దాం.

మొదటిది: ఆర్థికవేత్తలు రాబర్ట్ జెన్సెన్, ఎమిలీ ఆస్టర్ 2009లో ప్రచురించిన అధ్యయనం. 2001–2003 మధ్య తమిళనాడు, బీహార్, గోవా, హర్యానా, ఢిల్లీలలో సేకరించిన సమాచారంతో, కేబుల్ వచ్చిన పల్లెలను రాని పల్లెలతో పోల్చారు. కేబుల్ వచ్చిన చోట్ల భార్యను కొట్టడం తప్పులేదనే స్త్రీలు తగ్గారు, కొడుకే కావాలన్న కోరిక తగ్గింది, ఇంటి నిర్ణయాల్లో స్త్రీల మాటకు విలువ పెరిగింది. సీరియళ్లలో ఎంత పాత భావజాలం ఉన్నా, బయటికి వెళ్లే, చదివిన, తక్కువ పిల్లలున్న పట్టణపు స్త్రీ జీవితం పల్లె స్త్రీకి కనిపించడమే ఇందుకు కారణం కావచ్చని వారు భావించారు.

రెండోది: అయిదో జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే (2019–21). భర్త భార్యను కొట్టడం ఏదో ఒక కారణానికి సమంజసమే అన్న స్త్రీలు ఆంధ్రప్రదేశ్‌లో 83.6 శాతం, తెలంగాణలో 83.8 శాతం. సర్వే అడిగిన ఏడు కారణాల్లో చెప్పకుండా బయటికి వెళ్లడం, వంట సరిగా చేయకపోవడం, ఎదురు మాట్లాడటం, అత్తమామలను గౌరవించకపోవడం ఉన్నాయి. ఈ జాబితాను మరోసారి చదవండి. ఇవన్నీ మన సీరియళ్లలో రోజూ తగవుకు కారణాలే. చెంపదెబ్బను మూడుసార్లు, మూడు కోణాల్లో, ఉరుము శబ్దంతో చూపడం మనకు అలవాటైన దృశ్యమే.

ఇక్కడ తొందరపడి “సీరియళ్ల వల్లనే ఇలా అనుకుంటున్నారు” అని రాయకండి. రెండు విషయాలు ఒకేచోట కనిపించినంత మాత్రాన ఒకటి రెండోదానికి కారణమని తేలదు. టీవీ రాకముందు నుంచీ ఆ భావన ఉంది. మనం న్యాయంగా చెప్పగలిగినది ఇంత: టీవీ కొత్త జీవితాన్ని చూపినప్పుడు మనసులు కదిలే అవకాశం ఉంది. కానీ ఇంటింటా టీవీ వచ్చినంత మాత్రాన, అదొక్కటే, హింసను తప్పుగా చూసే మనసును తయారు చేయలేదు. నూటికి ఎనభై మందికి పైగా స్త్రీలు తమకు పడే దెబ్బకు తామే కారణం వెతుక్కుంటున్న రాష్ట్రాల్లో, తెర మీద చెంపదెబ్బ ఎలా కనిపిస్తుందన్నది వినోదం సంగతి మాత్రమే కాదు.

14.9 నియంత్రణ, ప్రత్యామ్నాయం

స్త్రీలను అసభ్యంగా చిత్రించడాన్ని నిషేధిస్తూ 1986లో చట్టం వచ్చింది. 1995 కేబుల్ టెలివిజన్ చట్టం కింద ఉన్న నియమావళి స్త్రీలను కించపరిచే కార్యక్రమాలను నిషేధిస్తుంది. స్త్రీ అణిగిమణిగి ఉండాలని, ఆమెది రెండో స్థానమని ప్రోత్సహించే ప్రకటనలు కూడా ఆ నియమావళికి విరుద్ధం. 1995లోనే బీజింగ్‌లో జరిగిన ప్రపంచ మహిళా సదస్సు తన కార్యాచరణ ప్రణాళికలో మాధ్యమాలకు ఒక ప్రత్యేక అధ్యాయం కేటాయించింది. 2011లో ప్రసార సంస్థలు ఫిర్యాదుల విచారణకు ఒక మండలిని ఏర్పరచుకున్నాయి. ప్రేక్షకులెవరైనా ఆ మండలికి ఫిర్యాదు పంపవచ్చు. అయితే చట్టం అసభ్యతను పట్టుకున్నంత సులువుగా మూసను పట్టుకోలేదు. నిండుగా చీర కట్టుకున్న కోడలు ఏళ్ల తరబడి దెబ్బలు తినడం ఏ తెరకూ అసభ్యంగా అనిపించదు.

అందుకే రెండో మార్గం ముఖ్యమైనది. అది కెమెరా ఎవరి చేతిలో ఉందన్న ప్రశ్న. సంగారెడ్డి జిల్లా జహీరాబాద్ దగ్గరి పస్తాపూర్‌లో దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీతో కలిసి పనిచేసిన దళిత స్త్రీలు, వారిలో బడికి వెళ్లనివారు కూడా, వీడియో కెమెరా నేర్చుకున్నారు. తమ విత్తనాల గురించి, చిరుధాన్యాల గురించి, తమ పొలాల గురించి చిత్రాలు తీశారు. 2008లో వారి ‘సంఘం రేడియో’ ప్రసారాలు మొదలయ్యాయి. ‘రైతు సోదరులారా’ అన్న పిలుపుతో మొదలైన చరిత్రలో, రైతు తానేనని ఒక స్త్రీ కెమెరా వెనుక నుంచి చెప్పడం పెద్ద మలుపు. నేడు చేతిలో ఫోను ఉన్న ప్రతి విద్యార్థినికీ ఆ అవకాశం కొంత ఉంది.

14.10 సారాంశం

మన టెలివిజన్ స్త్రీని మొదట అభివృద్ధి చెందవలసిన తల్లిగా, తరువాత పురాణ పతివ్రతగా, ఆపై సరుకులు కొనే గృహిణిగా, సహించే కోడలిగా చూపింది. ప్రతి దశ వెనుక ప్రభుత్వ విధానమో, ప్రకటనల ఆదాయమో ఉంది. ప్రతి దశలోనూ మూసకు లొంగని పాత్రలూ వచ్చాయి, చూపినదానికి వేరే అర్థం చెప్పుకొన్న ప్రేక్షకురాళ్లూ ఉన్నారు. తెర మీది స్త్రీ సహజంగా పుట్టలేదు, తయారైంది. కనుక మార్చి తయారు చేయడం సాధ్యమే.

ఇంటిపనో, కూలిపనో ముగించుకొని, పక్క గదిలో సీరియల్ మోగుతుండగా మీలో కొందరు ఈ పాఠం చదువుతూ ఉండవచ్చు. చదువుకుంటున్న ఆ స్త్రీ కథ ఏ ఛానల్‌లో ఎన్నిసార్లు వచ్చిందో ఒకసారి గుర్తు చేసుకోండి.

14.11 మాదిరి పరీక్షా ప్రశ్నలు

I. ఈ కింది ప్రశ్నలకు 30 పంక్తుల్లో సమాధానాలు రాయండి.
1. ప్రభుత్వ టెలివిజన్ కాలంలో, ఉపగ్రహ ఛానళ్ల కాలంలో స్త్రీ చిత్రణను పోల్చండి.
2. టెలివిజన్ ప్రభావాన్ని గురించి 14.8లోని రెండు ఆధారాలను విమర్శనాత్మకంగా చర్చించండి.

II. ఈ కింది ప్రశ్నలకు 10 పంక్తుల్లో సమాధానాలు రాయండి.
1. మూస చిత్రణ అంటే ఏమిటి? రెండు ఉదాహరణలివ్వండి.
2. డోలీ వార్తల్లో గిరిజన స్త్రీని చూపే తీరును విశ్లేషించండి.

III. క్షేత్ర అభ్యాసం
మీ ఇంట్లోనో వీధిలోనో అరవై ఏళ్లు దాటిన ఒక స్త్రీని కలవండి. మొదటిసారి టీవీ ఎప్పుడు, ఎవరి ఇంట్లో చూశారో, గుమ్మంలో కూర్చున్నారో లోపల కూర్చోనిచ్చారో, ఏ పాత్ర ఇప్పటికీ గుర్తుందో, ఎందుకు గుర్తుందో అడగండి. ఆమె మాటలను ఆమె యాసలోనే రాసుకోండి. దిద్దకండి. అది మీరు సేకరించిన చారిత్రక ఆధారం.